కాళ్ళు ముడుచుకుని చూసిన సినిమా

మా అమ్మకు చదువు రాదు. వయసు ఎనభై దాటింది. కాని ఏ శుక్రవారం ఏ సినిమా విడుదలయిందో, దాన్ని టీవీలో ఎవరు పొగిడారో, ఎవరు మొహం చిట్లించారో మా ఇంట్లో ఆమెనే అడగాలి. సాయంత్రం వార్తల ఛానల్లో సినిమా మీద చర్చ మొదలయ్యే టయానికి కళ్ళజోడు తుడుచుకుని వచ్చి కూచుంటుంది. ఇంట్లో సోఫా ఉంది. ఆమె కూచునేది మాత్రం కింద, గోడకు వీపు ఆనించి. తెర మీద నలుగురు బల్ల చుట్టూ చేరి ఫస్టాఫ్ బాగుందని ఒకరు, సెకండాఫ్ సాగిందని ఒకరు వాదించుకుంటుంటే ఈమె కింద నుంచి వాళ్ళకు జవాబు చెబుతుంటుంది. వాళ్ళకు వినపడదు. అయినా చెబుతుంది.

ఆ బల్ల దగ్గర నేనూ రెండుసార్లు కూచున్నాను. రెండూ 2021లోనే. మొదటిసారి ఒక మాట మింగేశాను. రెండోసారి ఆ మాట అన్నాను. మూడోసారి నన్నెవరూ పిలవలేదు. ఆ మాట గురించే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను. అదేం కొత్త మాట కాదు, మీ అందరికీ తెలిసిందే. దాన్ని పదిమంది ముందు అనటానికి, చదువు చెప్పుకు బతికే నాలాంటి వాడికే ఎందుకు నోరు రాలేదో చెప్పాలంటే మా నాయన తప్పెట దగ్గర మొదలుపెట్టాలి.

మాది తెనాలి దగ్గర ఒక చిన్న ఊరు. ఊరికీ మా మాదిగపల్లెకూ మధ్య ఒక పంటకాలవ. 1970 ప్రాంతంలో మా ఊళ్ళో డేరా హాలు ఉండేది. టూరింగ్ టాకీసు. పైన గుడ్డ, కింద ఇసక. ముందు నేల, దాని వెనక బెంచీ, ఆ వెనక కుర్చీ. కొత్త ఆట వచ్చినప్పుడు ఊళ్ళో చాటింపు వేసేది మా నాయన. చావుకి, జాతరకి, పంచాయితీకి వేసినట్టే సినిమాకీ తప్పెట వేసేవాడు. ఆయనకు అక్షరం రాదు. హాలు గుమాస్తా చెప్పిన సినిమా పేరూ, వేషగాళ్ళ పేర్లూ దారి పొడుగునా గొణుక్కుంటూ వచ్చి, రావిచెట్టు దగ్గర నిలబడి గొంతెత్తేవాడు. ఊరి బజార్లన్నీ అయ్యాక చివర్న మా పల్లెలోకి వచ్చేవాడు. ఊళ్ళో ఎంత వేసినా మా పల్లెలో వేసే దెబ్బ వేరు. పిల్లలం వెంటబడి పరిగెత్తేవాళ్ళం.

కూలి అర్ధరూపాయి. దాంతోపాటు మొదటి ఆటకు నేల మీద ఒక మనిషికి ఊరికే ప్రవేశం. ఆయన ఆట చూసి వచ్చేదాకా మా పల్లె పడుకునేది కాదు. చర్చి ముందు వేపచెట్టు కింద మగవాళ్ళు కూచునేవాళ్ళు. ఆడవాళ్ళు వెనక నిలబడేవాళ్ళు. నాయన కాళ్ళు కడుక్కుని వచ్చి, బీడీ వెలిగించి కత ఎత్తుకునేవాడు. పావలా పెట్టి ఆ సినిమా చూడాలా వద్దా అనేది అక్కడే తేలిపోయేది. ఇవాళ టీవీల్లో ఐదుకి మూడు, ఐదుకి రెండున్నర అని మార్కులు వేస్తున్నారు. మా నాయన దగ్గర రెండే మార్కులు. ఒకటి, "పోయి సూడండి". రెండోది, "ఆ పావలాకి నూకలు కొనుక్కోండి".

ఒక రాత్రి సంగతి నాకు బాగా గుర్తుంది. ఆ సినిమాలో దొర ఇంటి పాలేరు దొర ప్రాణం కాపాడబోయి చచ్చిపోతాడు. దొర వాణ్ణి ఒళ్ళో పెట్టుకుని ఏడుస్తాడు. హాలంతా ఏడ్చిందట. నాయన కత అక్కడిదాకా చెప్పి ఆపేశాడు. "తర్వాత?" అన్నారు. "తర్వాత దొర పెళ్ళి" అన్నాడు. బీడీ ఆర్పి, "ఆ పాలేరోడికి పెళ్ళాం ఉంది. ముందు ఒకసారి సంకటి మూట తీసుకొచ్చింది. ఆడు సచ్చినాక అది ఏమైందో సెప్పలేదు. పిల్లలు ఏం తిన్నారో సెప్పలేదు. అది కత గాదు" అన్నాడు. అంతే. ఆ సినిమాకి మా పల్లె నుంచి ఎవరూ పోలేదు. నేను తర్వాత ఎం.ఏ. చదివాను, విమర్శ సూత్రాలు చదివాను, పిల్లలకు పాఠం చెప్పాను. ఆ రాత్రి మా నాయన అడిగిన ప్రశ్న కంటే పెద్ద ప్రశ్న నాకు ఏ పుస్తకంలోనూ దొరకలేదు.

అమ్మది ఇంకో లెక్క. వెనక ఆడవాళ్ళలోంచి ఒకటే అడిగేది. "ఇంతకీ ఆ పిల్లోడేమిట్లు?"

గుంటూరు జిల్లా బయటివాళ్ళకు ఈ మాట చెప్పాలి. మా వైపు కులం అడగటానికి ఉన్న మర్యాద మాట ఇది. "మీరేమిట్లండీ?" అంటారు. బస్సులో పక్కన కూచున్నాయన అడుగుతాడు. పెళ్ళి పందిట్లో అడుగుతారు. ఇల్లు అద్దెకు కావాలంటే గేటు తీయకముందే అడుగుతారు. జవాబు చెప్పాక, నిన్ననే ఎవరో అడ్వాన్సు ఇచ్చి వెళ్ళారని గుర్తొస్తుంది వాళ్ళకు. బతుకంతా మమ్మల్ని ఈ ప్రశ్నతో నిలేసిన లోకం సినిమా హీరోని మాత్రం ఎందుకు అడగదని అమ్మ అనుమానం. హీరో రిక్షా తొక్కుతాడు, మూటలు మోస్తాడు, పొలంలో కూలి చేస్తాడు. ఏ పల్లెవాడో చెప్పరు. చివరికి వాడు చిన్నప్పుడు తప్పిపోయిన జమీందారు కొడుకని తేలుతుంది. "సూశావా, నే సెప్పలా" అనేది అమ్మ. గెలిచినట్టుగా కాదు, విసుగ్గా.

నేల మీద కూచున్నా మాకు హద్దులుండేవి. టిక్కెట్టు కులం చూడదని చదువుకున్నవాళ్ళు అంటారు. హాలు యజమాని చూడడు, నిజమే, పావలా పావలానే. కాని ఊరి కుర్రాళ్ళు నేల టిక్కెట్టు కొనుక్కుని వస్తే మేం జరిగేవాళ్ళం. ఎవరూ జరగమనే పనిలేదు. ఇసక పోగేసుకుని ఎత్తుగా కూచుందామని నాకుండేది. పోగేస్తే వెనక నుంచి కేక వచ్చేది, "ఒరే, ఆ దిబ్బ తీయరా" అని. కేకతోపాటు మా పల్లె పేరూ, కులం పేరూ వచ్చేవి.

తర్వాత 1991 వచ్చింది. చుండూరు మా ఊరికి ఎంతో దూరం లేదు. ఆ జూలైలో అక్కడి సినిమాహాల్లో ఒక దళిత యువకుడి కాలు అగ్రకుల యువకుడికి తగిలింది. చదువుకున్న కుర్రాడు. ఊళ్ళో అంతకుముందే ఉన్న కక్షలకి ఆ కాలు నిప్పు అయింది. దళితులకు పొలం పనులు ఆపేశారు. వెలి వేశారు. ఆగస్టు 6న, పోలీసులు ఊళ్ళో ఉండగానే, ఎనిమిది మంది దళితుల్ని పొలాల్లో తరిమి నరికి, గోనెసంచుల్లో కుక్కి కాలవలో పడేశారు. విచారణకు చుండూరులోనే ప్రత్యేక కోర్టు పెట్టించుకోవటానికి మనవాళ్ళు ఎంత కొట్లాడారో ఉద్యమంలో ఉన్నవాళ్ళకు తెలుసు. 2007లో 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు పడ్డాయి. 2014 ఏప్రిల్‌లో హైకోర్టు ఆ శిక్షలన్నీ కొట్టేసింది.

చుండూరు గురించి దళిత ఉద్యమ చరిత్రలో రాస్తాం. తెలుగు సినిమా చరిత్రలో రాయరు. మొదటి టాకీ ఏదో రాస్తారు, మొదటి రంగుల సినిమా ఏదో రాస్తారు. సినిమాహాల్లో కాలు తగిలిన గొడవ ఎక్కడిదాకా పోయిందో రాయగా నేను చూడలేదు. అది సినిమా సంగతి కాదంటారు. మరి ఆ కుర్రాడు అక్కడికి ఎందుకు పోయాడు? సినిమా చూట్టానికే గదా.

ఆ ఆగస్టులో అమ్మ మా ఇంటి మగపిల్లలందర్నీ కూచోబెట్టి చెప్పింది. "హాలుకి పోవొద్దని సెప్పను, మీరు ఇనరు. పోతే మాత్రం కాళ్ళు ముడుసుకుని కూసోండయ్యా." అప్పటికి నాకు కాలేజీలో లెక్చరర్ ఉద్యోగం వచ్చింది. చుండూరు మీద సభల్లో మాట్లాడుతున్నాను. గొంతు చించుకుని మాట్లాడుతున్నాను. అయినా ఆ రోజు నుంచి ఏ హాల్లో కూచున్నా నా కాళ్ళు వాటంతట అవే కుర్చీ కిందికి పోతాయి. హైదరాబాదులో మల్టీప్లెక్సులో, ముందు సీటుకీ నాకూ మధ్య గజం జాగా ఉన్నా అంతే. మోకాళ్ళు నొప్పులు పుడతాయి. ఇంటర్వెల్లో లేచి విదిలించుకుంటాను.

మా ఊరికి టీవీ రావటం పంచాయితీ ఆఫీసుకు వచ్చింది. శుక్రవారం రాత్రి చిత్రలహరి పాటలకు ఊరంతా మూగేది. మేం వరండా కింద నిలబడి కిటికీలోంచి చూసేవాళ్ళం. 1995లో జెమిని, ఈటీవీ వచ్చాయి. 2004 తర్వాత రోజంతా వార్తలు చెప్పే ఛానళ్ళు ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. వాటికి శుక్రవారం అనేది పండగ. పొద్దున్నే హాలు ముందు మైకులు. బయటికి వచ్చినవాడి మూతి దగ్గర మైకు పెడతారు. "కేక", "అరుపులు", "బ్లాక్ బస్టర్" అని వాడు అరుస్తాడు. వాడి మొహానికి రంగు, తలకి హీరో బొమ్మ కట్టిన గుడ్డ. ఆ కుర్రాళ్ళలో సగం మంది మన పేటల పిల్లలే. కటౌటెక్కి పాలు పోసేదీ వాళ్ళే, హాలు ముందు డప్పు కొట్టేదీ వాళ్ళే. మా నాయనకి అర్ధరూపాయన్నా ఇచ్చారు. వీళ్ళు ఊరికే కొడుతున్నారు.

పొద్దున అరిచినవాడికి ఐదు సెకన్లు. సాయంత్రం బల్ల దగ్గర కూచున్నవాళ్ళకు గంట. ఆ గంటలో వాడి గురించి మాట్లాడుకుంటారు. "ఇది మాస్‌కి నచ్చుతుందండీ, క్లాస్‌కి కష్టం." "బి, సి సెంటర్లలో లాగేస్తుంది." సినిమా వ్యాపారంలో ఏ సెంటరు అంటే నగరం, బి అంటే పట్టణం, సి అంటే చిన్న ఊరు. మా పల్లెకు అక్షరం లేదు. మాస్ అంటే ఎవరని అడిగితే ఎవరూ చెప్పరు. ఈల వేసేవాడు, చొక్కా చించుకునేవాడు, ఆలోచించనివాడు అని వాళ్ళ ఉద్దేశం. వేపచెట్టు కింద కూచుని పాలేరు పెళ్ళాం ఏమైందని అడిగినవాడు మాస్ అని వాళ్ళకు తెలియదు. వేదికలెక్కినప్పుడు మమ్మల్నే ప్రేక్షక దేవుళ్ళు అంటారు. గుళ్ళోకి రానివ్వనివాళ్ళను దేవుళ్ళనటం ఈ దేశంలోనే చెల్లుతుంది.

కులం మాట సినిమాల్లో లేదా అంటే ఉంది. పోస్టరు మీదే ఉంది. 1999లో సమరసింహారెడ్డి, 2001లో నరసింహనాయుడు, 2002లో చెన్నకేశవరెడ్డి. ఇలాంటివాటిని టీవీలో పవర్‌ఫుల్ టైటిళ్ళు అంటారు. అది కులం కాదు, పవరు. మాల అనే మాట టైటిల్లో పెట్టిన సినిమా 1938లోనే వచ్చింది. చలం కథ, గూడవల్లి రామబ్రహ్మం తీశాడు, కాంచనమాల మాలపిల్లగా వేసింది. దాని గురించి చర్చల్లో అప్పుడప్పుడు గొప్పగా చెబుతారు, పాత సంగతి కాబట్టి. మరి మీరు ఈ వారం వచ్చిన సినిమాలో పిల్లోడేమిట్లు అంటే మాత్రం, "సార్, కళకు కులం ఏమిటండీ" అంటారు.

2021 ఫిబ్రవరి 12న ఉప్పెన విడుదలైంది. కరోనా కాస్త తగ్గి హాళ్ళు మళ్ళీ నిండుతున్న రోజులు. అప్పటికి నేను సినిమాల మీద పత్రికల్లో రాసిన వ్యాసాలు ఎవరో చూసి ఒక ఛానల్ నుంచి ఫోన్ చేశారు. కారు పంపుతామన్నారు. పంపారు. అమ్మకు చెప్పాను, ఇవాళ నన్ను టీవీలో చూడమని.

మేకప్ గదిలో అద్దం ముందు వరసగా కూచోబెట్టారు. పక్కనున్న పెద్దమనిషి చాలా ఏళ్ళుగా ఈ చర్చలకు వస్తున్నవాడు. "గుంటూరు జిల్లానా? ఏ ఊరు? అటు మావాళ్ళు ఎక్కువ" అన్నాడు. తర్వాత ఆ గదిలో నడిచిందంతా కులమే. ఫలానా హీరో మావాడు, ఫలానా నిర్మాత మీవాడు, ఈ వారం హాళ్ళు ఎవరి చేతిలో ఉన్నాయి, ఎవరి సినిమాని ఎవరు తొక్కారు. నవ్వుకుంటూ మాట్లాడుకున్నారు. నా మొహానికి పౌడరు అద్దుతున్న కుర్రాడు కూడా నవ్వాడు. అప్పుడు ప్రొడ్యూసర్ వచ్చి నా చెవి దగ్గర వంగి మర్యాదగా చెప్పాడు. "సార్, లైవు. కులం గిలం వద్దు సార్. సెన్సిటివ్." నాకే చెప్పాడు. మిగతా వాళ్ళకు చెప్పలేదు.

సినిమా కత మీకు తెలిసిందే. సముద్రపొడ్డున జాలరి కొడుకు, ఊరి పెద్దమనిషి కూతురు. పరువు కోసం ఆ తండ్రి కుర్రాణ్ణి మగాడు కాకుండా చేస్తాడు. బల్ల దగ్గర చర్చంతా ఆ ముగింపు మీద. హీరోకి ఇలా జరిగితే మాస్ ఒప్పుకుంటుందా? కొత్త దర్శకుడు ధైర్యం చేశాడా, తొందరపడ్డాడా? విలన్ వేషం వేసినాయన హీరోని మింగేశాడా? పాటలు సినిమాని ఎంత నిలబెట్టాయి? ఒకాయన, ఆ తండ్రి బాధ కూడా అర్థం చేసుకోవాలన్నాడు.

ఆ మాటకి నా కళ్ళ ముందు మిర్యాలగూడ కనబడింది. 2018 సెప్టెంబరు 14. కడుపుతో ఉన్న భార్యతో ఆసుపత్రిలోంచి బయటికి వస్తున్న ప్రణయ్‌ని ఆమె పక్కనుండగానే నరికి చంపారు. ఆ వారమంతా ఇవే తెరల మీద పరువు, కులం, తండ్రి అని చర్చలు నడిచాయి. రెండున్నరేళ్ళకు అదే సంగతి సినిమాగా బల్ల మీదికి వస్తే ముగింపు షాకింగ్‌గా ఉందంటున్నారు. యాంకర్ నా వైపు తిరిగింది. "సార్, మీరేమంటారు? ఈ ప్రేమకు అసలు అడ్డేమిటి?"

నోటి దాకా వచ్చింది. కింద నా పేరు, పేరు కింద 'ప్రముఖ విశ్లేషకులు' అని వేశారని ఎదురుగా ఉన్న చిన్న తెరలో కనబడుతోంది. దీపాల వేడి. చెవిలో ఎవరో "క్విక్ సార్" అంటున్నారు. బల్ల కింద నా కాళ్ళు కుర్చీ వెనక్కి ముడుచుకుని ఉన్నాయి. "అంతస్తు" అన్నాను. "అంతస్తుల తేడా అండీ. పేదా గొప్పా తేడా." యాంకర్ తల ఊపింది. "చాలా బాగా చెప్పారు సార్" అంది. కారులో ఇంటికి దింపారు.

అమ్మ మేలుకునే ఉంది. అన్నం పెట్టింది. నేను తింటుంటే ఎదురుగా కూచుంది. బాగా కనబడ్డానా అని అడిగాను. "తెల్లగా కనబడ్డావు" అంది. కాసేపాగి, "అంతస్తు అన్నావేందిరా?" అంది.

ఏం చెప్పాలో తోచలేదు. టీవీలో అన్నీ అనటానికి వీలుండదమ్మా అన్నాను.

"మనం పూరింట్లో ఉన్నప్పుడు అంతస్తు లేదు. ఇప్పుడు నీకు మిద్దె ఉంది, జీతం ఉంది. గుంటూర్లో ఇల్లు అడిగితే ఇచ్చారంట్రా? నిన్ను అడిగింది డబ్బెంతుందనా, ఏమిట్లనా?" అంది. "మీ నాయన సదువు రానోడు. గుమాస్తా సెప్పిన పేర్లే తప్పెట మీద సెప్పాడు. కాని సెట్టు కిందికి వచ్చినాక ఎవుడు సెప్పమన్నదీ సెప్పలేదు, ఆయనకు తోసిందే సెప్పాడు. నువ్వు సెట్టు కిందికి కూడా రాలేదు."

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. భయపడ్డానా? చుండూరు మీద పోలీసుల ముందు మాట్లాడినవాణ్ణి, మేకప్ గదికి భయపడతానా? భయం కాదు. ఇంకోటి. మళ్ళీ పిలుస్తారనే ఆశ. ఆ కుర్చీ, ఆ దీపం, 'ప్రముఖ' అనే ముక్క. బెంచీ టిక్కెట్టు దొరికినవాడు నేల వైపు చూడకుండా కూచోవటం నాకు తెలుసు. ఆ పని నేనే చేశాను. ఇది ఎవరి మీదా నేరం మోపటానికి రాయటం లేదు. మాట మింగమన్నవాడు ఒకడుంటే, మింగినవాణ్ణి నేను.

మళ్ళీ పిలిచారు. 2021 సెప్టెంబరు 24న లవ్ స్టోరీ వచ్చింది. శేఖర్ కమ్ముల సినిమా. ఇందులో హీరో ఆర్మూరు నుంచి హైదరాబాదు వచ్చిన దళిత క్రైస్తవ కుర్రాడు. డాన్సు నేర్పుతాడు. అమ్మాయి అదే ఊరి పెద్ద కులం ఇంటిది. ఈసారి దర్శకుడే నోరు తెరిచాడు, హీరోది ఏ పేటో చెప్పాడు. అమ్మ ప్రశ్నకి తెర మీద జవాబు ఉంది. ఇక మనకేం కష్టమని వెళ్ళాను.

అరగంట నడిచింది. హీరోయిన్ డాన్సు గురించి పది నిమిషాలు. పాట గురించి, ఆ పాట ఎవరు సేకరించారనే గొడవ గురించి పది నిమిషాలు. సెకండాఫ్ బరువైందని, అంత సీరియస్‌నెస్ కుటుంబ ప్రేక్షకులకు ఎక్కదని పది నిమిషాలు. సినిమాలో పెట్టిన మాట కూడా బల్ల మీదికి రాలేదు. ఒకాయన, "బేసిగ్గా ఇది పేదింటి అబ్బాయి, పెద్దింటి అమ్మాయి కత" అన్నాడు. నేను ఏడు నెలల కింద అన్న మాటే. నా మాట నాకే వినబడింది.

"అంతస్తు కాదండీ, కులం" అన్నాను. "ఆ కుర్రాడు దళితుడు. సినిమాలోనే చెప్పారు. మనం ఎందుకు చెప్పటం లేదు?"

బల్ల దగ్గర నిశ్శబ్దం. యాంకర్ నవ్వి, "సార్, మనం సినిమా గురించి మాట్లాడుకుందాం" అంది.

"నేను సినిమా గురించే మాట్లాడుతున్నాను. సినిమాహాలు గురించి కూడా మాట్లాడతాను. 1991లో చుండూరు హాల్లో ఒక కుర్రాడి కాలు..." అన్నాను. అక్కడికి బ్రేక్ పడింది. సబ్బు ప్రకటన వచ్చింది. బ్రేక్ తర్వాత వసూళ్ళ మీద చర్చ. నా మైకు పనిచేస్తోందో లేదో నాకు తెలియదు. నన్నేమీ అడగలేదు. అయిపోయాక బయటికి వస్తే, "కారు వేరే డ్యూటీకి వెళ్ళింది సార్" అన్నారు. ఆటోలో వచ్చాను.

పెద్ద వీరత్వం ఏమీ చేయలేదు. ఒక్క వాక్యం, దానికి సగం వాక్యం. కాని అమ్మ ఆ సగం వాక్యం వినింది. "కాలు కాడ ఆపేశారే" అంది.

ఆ మరుసటి వారం ఎస్సీ హాస్టల్ విద్యార్థులు కొందరు ఫోన్ చేశారు. ఆ సగం వాక్యం పూర్తి చేయటానికి రమ్మన్నారు. వెళ్ళాను. భోజనాల హాల్లో చాప మీద కూచున్నాం. వాళ్ళు సినిమా చూసి వచ్చారు. ఒక్కడూ ఫస్టాఫ్, సెకండాఫ్ అనలేదు. హీరో తల్లి పని చేసిన పొలం ఎవరిది, ఇంటి దగ్గర ఆమె నీళ్ళు ఎక్కడ తాగింది, కుర్రాడు తన కులం గురించి మాట్లాడేటప్పుడు గొంతు ఎందుకు తగ్గిస్తాడు, ఇలాంటివి. పలాస 1978 గురించి కూడా మాట్లాడారు. 2020 మార్చిలో వచ్చి, రెండు వారాలు తిరక్కముందే కరోనాతో హాళ్ళు మూతపడితే ఫోన్లలో చూశారట. నేను మా నాయన పాలేరు పెళ్ళాం కత చెప్పాను. అందరూ చప్పట్లు కొట్టారు.

ఆడపిల్లల హాస్టల్ నుంచి వచ్చిన ఒకమ్మాయి మాత్రం కొట్టలేదు. "మీ నాయన పాలేరు భార్య గురించి అడిగారు సార్, బాగుంది. మరి మీ అమ్మ ఆ సినిమాకి వెళ్ళారా?" అంది.

ఇంటికి వచ్చి అమ్మను అడిగాను. "ఎక్కడరా? ఒకరికే గదా ఊరికే పంపేది. ఆయన పోయేవోడు, తర్వాత మీరు పోయేవోళ్ళు. పిల్లల్ని, గొడ్డుని ఇడిసి నేను యాడికి పోను? నా వయసులో హాల్లో సూసింది రెండే" అంది. యాభై ఏళ్ళుగా సినిమాల గురించి నాకు బుద్ధి చెబుతున్న మనిషి చూసింది రెండు సినిమాలు. మిగిలినవన్నీ మా నాయన నోటితో విన్నవి, తర్వాత టీవీలో వచ్చినవి. నేను ఇన్నేళ్ళుగా అందరి ముందు ఆమె మాటలు చెప్పుకుని మెప్పు పొందాను. ఆమెను ఒక్కసారి హాలుకి తీసుకుపోవాలని నాకు తోచలేదు. మనం కూడా మనింటి పాలేరు పెళ్ళాం ఏమైందో చూడలేదు.

తర్వాత తీసుకుపోయాను. మల్టీప్లెక్సు. మెట్లు ఎక్కలేక నా భుజం పట్టుకుని వచ్చింది. మెత్తటి సీటు చూసి ముందు చేత్తో నొక్కింది. కూచుంది. చీర కుచ్చెళ్ళు సర్దుకుని, రెండు కాళ్ళూ ముడిచి సీటు కిందికి పెట్టుకుంది.

"కాళ్ళు చాపుకోమ్మా, జాగా ఉంది" అన్నాను.

నా కాళ్ళ వంక చూసింది. "ముందు నువ్వు సాపు" అంది.

చాపాను. ముందు సీటు ఖాళీగా ఉంది. ఎవరైనా వచ్చి కూచుంటారేమో అని సినిమా సగం దాకా ఇద్దరం ఆ సీటు వంకే చూస్తున్నాం.